బొమ్మ సైనికుని కంటిచూపు

యుద్ధక్రీడ అనగానే మన విద్యార్థులలో పలువురికి ముందుగా స్ఫురించేది చదరంగం. ఉర్దూ విభాగపు మిత్రులకు అదే షత్రంజ్. 64 గడులు, ఇరువైపులా పదహారేసి పావులు, ఎదుటివాని బలమంతా మన కళ్లయెదుటనే. అందులో దాపరికానికి చోటు లేదు. ఎదుటివాని ఆలోచన ఒక్కటే మనకు కనబడదు. అయితే చదరంగంలోనూ ఒక రేఖ ఉన్నది. ఏనుగు తిన్నగా, శకటు మూలగా ఎంత దూరమైనా పోగలవు గాని, దారిలో ఒక్క బంటు నిలిచినా వాటి గమనం అక్కడ ఆగవలసినదే. గుర్రం ఒక్కటే ఈ అడ్డును లెక్కచేయదు. పాతకాలపు షత్రంజ్‌లో ఫీల్ అనే పావు కూడ మూలగా రెండవ గడికి, నడుమ ఎవరున్నా దాటి, దూకేది. అనగా చదరంగానికి అడ్డు తెలుసును, మరుగు తెలియదు. అడ్డు నిలిచిన బంటు వెనుక ఏమున్నదో ఏనుగుకు కనబడదేమో గాని, దానిని నడిపే ఆటగానికి స్పష్టంగా కనబడుతూనే ఉంటుంది.

ఈ మరుగు అనేదానిని ఆటలోనికి తేవడానికి పాశ్చాత్యులు రెండువందల ఏండ్లకు పైగా శ్రమిస్తూ వచ్చారు. వారు చేసిన పనిలో ఏది మెచ్చదగినది, ఏది వ్యర్థప్రయాస అనే విషయమై నా అభిప్రాయం చెప్పడానికే ఈ వ్యాసం. దానితోపాటు మన కళాశాల కమిటీవారికి ఒక విన్నపం కూడ ఉన్నది. దానిని చివర విన్నవించుకొంటాను.

ముందుగా ఆట ఎట్టిదో తెలియనివారికి నాలుగు మాటలు. ఆరడుగుల పొడవు, నాలుగడుగుల వెడల్పు గల ఒక బల్ల. దానిమీద అట్టతోనో, చెక్కతోనో, సున్నంతోనో చేసిన గుట్టలు, తోపులు, గోడలు, ఇండ్లు. సీసంతోనో ప్లాస్టిక్‌తోనో పోతపోసి రంగులు వేసిన చిన్న సైనికుల బొమ్మలు. గడులు ఉండవు. ఎవరు ఎంత దూరం నడువవచ్చునో, ఏ ఆయుధం ఎంత దూరం పనిచేయునో టేపుతో కొలుస్తారు. దెబ్బ తగిలినదా లేదా అన్నది పాచికలు తేలుస్తాయి. ఇరువురూ వంతులవారీగా తమ దళాలను జరుపుతారు. ఇంతవరకు వివాదం లేదు. వివాదమంతా రెండు ప్రశ్నల దగ్గర పుడుతుంది. నా సైనికునికి నీ సైనికుడు కనబడుతున్నాడా? కనబడితే, అతడు ఎటు ముఖం పెట్టి నిలిచి ఉన్నాడు? మొదటిదానిని దృష్టిరేఖ అందాము. రెండవదానిని దళాల నిలుపుదల అందాము.

ఈ ప్రశ్నలు ఎందుకు పుట్టవలె? కారణం చిన్న లెక్కలో ఉన్నది. నేడు విరివిగా వాడే బొమ్మ 28 మిల్లీమీటర్ల ఎత్తు. అది 168 సెంటీమీటర్ల మనిషికి ప్రతిరూపమైతే, బల్లమీది ప్రపంచం మన ప్రపంచంలో అరవయ్యవ వంతు అన్నమాట. బల్ల ప్రక్కన నిలిచిన ఆటగాని కన్ను ఆ బల్లకు సుమారు 75 సెంటీమీటర్ల పైన ఉంటుంది. దానిని 60 చేత గుణిస్తే 45 మీటర్లు. అనగా ఆటగాడు తన సేనను 45 మీటర్ల గోపురం మీదినుండి నడిపిస్తున్నాడు. అతని సైనికుడు మాత్రం నేలమీద నిలిచి, ఎదుట ఉన్న గోడను తప్ప మరేమీ చూడలేని స్థితిలో ఉన్నాడు. ఒకే సేనకు రెండు కండ్లు. ఒకటి ఆకాశాన, ఒకటి నేలపైన. దృష్టిరేఖను గూర్చిన నిబంధనలన్నీ ఈ రెండు కండ్ల నడుమ కుదిర్చిన ఒడంబడికలే.

విచిత్రమేమంటే, ఆటగాని ఆకాశపు కన్నుకు నిజమైన యుద్ధభూమిలో ఒక కొండనే కట్టిపెట్టారు. 1815 జూన్ 18న యుద్ధం జరిగిన వాటర్లూ మైదానంలో 1826 నాటికి ఒక మట్టిదిబ్బను నిర్మించి దానిపై సింహపు విగ్రహాన్ని నిలిపారు. దాని ఎత్తు 40 మీటర్ల పైచిలుకు. ఇంచుమించు మన ఆటగాని గోపురమంత. యాత్రికులు నేటికీ మెట్లెక్కి, పైనుంచి మైదానమంతా చూచి, నెపోలియన్ ఇక్కడ ఈ పొరపాటు చేశాడు, అక్కడ ఆ పొరపాటు చేశాడు అని సులభంగా తీర్పు చెబుతారు. ఆనాడు ఏ సేనానికీ ఆ ఎత్తు లేదు. పైగా ఆ దిబ్బకు కావలసిన మట్టిని వెల్లింగ్టన్ సేన నిలిచిన మిట్టనుండియే తవ్వి తెచ్చారు. యుద్ధాన్ని నిర్ణయించిన మరుగు ఏదైతే ఉన్నదో, దానిని కొంత తవ్వి, దానిపైనుండి చూచే ఎత్తుగా మార్చారు!

ఆ మిట్ట మహిమ ఏమిటి? వెల్లింగ్టన్ తన దళాలలో అధికభాగాన్ని మిట్టపైన గాక, శత్రువుకు కనబడని వెనుక వాలున నిలిపాడు. ఫ్రెంచి ఫిరంగులకు వాలు కనబడదు. గుండ్లు చాలావరకు తలలపైనుండి పోయేవి, లేదా తడిసిన నేలలో కూరుకొనిపోయేవి. మిట్ట ఎక్కి వచ్చిన ఫ్రెంచి పదాతికి అంతవరకు కనబడని బారులు హఠాత్తుగా ఎదురుపడేవి. ఇది దృష్టిరేఖకు, నిలుపుదలకు గల సంబంధాన్ని చూపే ఉదాహరణలలో అగ్రగణ్యమైనది. దళం ఎంత బలమైనది అన్న ప్రశ్నకంటె, ఎక్కడినుండి ఎవరికి కనబడుతున్నది అన్న ప్రశ్న ఆనాడు పెద్దదైనది. ఇప్పుడు ఇదే యుద్ధాన్ని బల్లమీద ఆడితే? నెపోలియన్ పాత్ర వహించే విద్యార్థి బల్లకు ఆవలి అంచున నిలిచి, మిట్ట వెనుక ఎన్ని దళాలున్నవో వ్రేలితో లెక్కపెట్టగలడు. వాటిపై ఫిరంగి పేల్చరాదని నిబంధన ఉండవచ్చు. కాని అవి అక్కడ ఉన్నవని తెలియకుండా ఉండుమని ఏ నిబంధన శాసించగలదు?

ఈ చిక్కును మొదట గుర్తించి మొదట విప్పినవారు ప్రష్యావారు. రైస్విట్జ్ అనే ప్రభుత్వోద్యోగి 1812లో తన యుద్ధక్రీడను ప్రష్యా రాజుకు సమర్పించాడు. సొరుగులు గల పెద్ద బల్ల, దానిపై అమర్చుకొనే నేలపలకలు; చూడముచ్చటైన వస్తువే గాని బరువైనది. అతని కుమారుడు ఫిరంగిదళంలో అధికారి. అతడు 1824లో ఆ ఆటను పటం మీదికి మార్చి నిబంధనలను ప్రచురించాడు. పటం 8000లో ఒక వంతు కొలతకు గీసినది. ఒక్కొక్క ఎత్తు యుద్ధంలోని రెండు నిమిషాలకు సమానం. అన్నిటికంటె ముఖ్యమైనది అంపైరు పదవి. ఆటగాండ్రు తమ ఆజ్ఞలను కాగితంపై వ్రాసి అంపైరుకు ఇస్తారు. ఏ దళం ఎవరికి కనబడుతుందో అంపైరు నిర్ణయించి, కనబడే దళాల దిమ్మెలను మాత్రమే పటంపై ఉంచుతాడు. కనబడని దళం పటంపై లేనే లేదు. ఆటగాని ఆకాశపు కన్నును మూయడానికి ఇంతకంటె సూటియైన ఉపాయం నేటికీ ఎవరూ కనిపెట్టలేదని నా అభిప్రాయం.

దాదాపు యాభై ఏండ్ల తరువాత, 1876లో, వెర్డీ దు వెర్నువా అనే ప్రష్యన్ సేనాని మరొక అడుగు ముందుకు వేసి, పట్టికలూ పాచికలూ కూడ తగ్గించి, అనుభవజ్ఞుడైన అంపైరు వివేకానికే ఆటను అప్పగించాడు. సైనికాధికారులకు ఇది తగినదే. విద్యార్థులకు అంతటి అంపైరు దొరకడం కష్టం కనుక మనకు పట్టికలు కొంత ఉండక తప్పదు.

ఇంగ్లండులో ఈ ఆట ఇంటి నేలమీదికి వచ్చింది. సుప్రసిద్ధ రచయిత హెచ్. జి. వెల్స్ 1913లో ‘లిటిల్ వార్స్’ అనే చిన్న పుస్తకం వ్రాశాడు. ఆయన ఆటలో దృష్టిరేఖను గూర్చి నిబంధన అవసరమే లేదు. ఎందుకనగా ఆయన ఫిరంగి నిజంగానే పేలేది! స్ప్రింగుతో చిన్న కొయ్యగుండును విసిరే బొమ్మ ఫిరంగి అది. ఆటగాడు నేలపై పడుకొని గురిచూడవలె. నడుమ ఇల్లు ఉంటే గుండు ఇంటికి తగులుతుంది. వెనుక ఉన్నవాడు బ్రతికిపోతాడు. వాదన లేదు, కొలత లేదు. అయినా ఆయన రెండు జాగ్రత్తలు తీసుకొన్నాడు. మొదట దళాలను నిలిపేటప్పుడు ఒకరి ఏర్పాటు ఒకరికి కనబడకుండ మైదానానికి అడ్డంగా తెర కట్టించేవాడు. రెండవది, ఫిరంగికి ఆరంగుళాల లోపల తనవారు నలుగురైనా లేకపోతే అది పేలరాదు. ఈ రెండవ నిబంధన చిన్నదిగా కనబడుతుంది గాని, నిలుపుదలలోని సారమంతా అందులో ఉన్నది. ఫిరంగి ఒక్కటీ శక్తి కాదు. దానిచుట్టూ నలుగురు మనుషులు తగిన దూరంలో నిలిచినప్పుడే అది శక్తి. ఆ నలుగురిలో ఒక్కడు కూలినా, మరొకడు వచ్చి చేరేవరకు ఆ ఇనుపముక్క మూగదే.

తరువాతి తరంవారు బొమ్మ ఫిరంగులను వదలి, టేపునూ పాచికనూ నమ్ముకొన్నారు. అక్కడినుండి దృష్టిరేఖ తగవు మొదలయింది. నేటి ఆటలలో ఈ తగవును తీర్చడానికి ముఖ్యంగా రెండు మార్గాలు కనబడుతున్నవి.

ఒకటి దారం. 1977లో అమెరికాలో వెలువడిన ‘స్క్వాడ్ లీడర్’ అనే పటపు ఆటలో పటమంతా ఆరు కోణాల గడులతో నిండి ఉంటుంది. ప్రతి గడి నడుమ ఒక చుక్క. కాల్చే దళపు చుక్కనుండి లక్ష్యపు చుక్కవరకు దారం బిగించి పట్టుకొంటారు. దారం క్రింద ఇంటి చిత్రం పడితే చూపు ఆగినట్లే. సైనికుడు ఎంత పొడవు, ఎంత పొట్టి అన్న చర్చ లేదు. ఇది లెక్కల మాస్టారికి నచ్చే పద్ధతి. నిలిచిన మనిషిని చుక్కగా మార్చడం దీనిలోని లోపం. ఆ చుక్క ఇద్దరికీ ఒక్కటే కావడం దీని గుణం.

రెండవది వంగి చూచే పద్ధతి. ఆటగాడు తల వంచి, తన బొమ్మ కంటి ఎత్తునుండి ఎదుటి బొమ్మను చూడవలె. కనబడితే కనబడినట్లే. వినడానికి ఇంతకంటె న్యాయమైనది లేదనిపిస్తుంది. ఇంగ్లండులో 1987లో వెలువడి లోకమంతా వ్యాపించిన ‘వార్‌హామర్ 40,000’ చరిత్ర చూస్తే దీనిలోని కష్టాలు తెలుస్తాయి. 2004 నాటి కూర్పులో తోపులకు, సైనికులకు ఎత్తును మూడు తరగతులుగా విభజించి, ఏ తరగతివాడు దేని వెనుక మరుగుపడునో చెప్పారు. 2008 కూర్పులో ఆ తరగతులను తీసివేసి, వంగి చూడుమన్నారు. అయితే శరీరం కనబడవలెనే గాని ఆయుధపు కొనయో రెక్కయో కనబడితే లెక్కలోనికి రాదన్నారు. 2017 కూర్పులో ఏ భాగం కనబడినా చాలునన్నారు. దానితో ఇంటి వెనుక నక్కినవాని జెండాకర్ర కొన కనబడినా దళానికి ముప్పు వచ్చినది! 2020లో మళ్లీ వెనుకకు తగ్గి, అయిదంగుళాలకు పైబడిన కొన్ని కట్టడాల మీదుగా, కిటికీలోనుండి కనబడినా సరే, చూపు సాగదని నిర్ణయించారు. పదహారేండ్లలో బయలుదేరిన చోటికి ఇంచుమించు తిరిగివచ్చారు. ఇన్నిమార్లు మార్చవలసి వచ్చినదంటే లోపం రచయితల తెలివిలో కాదు. బొమ్మను మనిషిగా భ్రమించడంలో ఉన్నదని నా అభిప్రాయం.

మనిషి కదులుతాడు. గోడ వెనుక వంగుతాడు, తల ఎత్తి చూస్తాడు, మళ్లీ వంగుతాడు. బొమ్మ శిల్పి చెక్కిన భంగిమలోనే నిలిచి ఉంటుంది. కత్తి పైకెత్తిన భంగిమలో పోతపోసిన సేనాని ఆట సాంతం కత్తి పైకెత్తియే ఉండవలె. మోకరిల్లిన తుపాకివాడు ఆట సాంతం మోకరిల్లియే ఉండవలె. కనుక వంగి చూచే పద్ధతిలో నిజంగా కొలవబడేది సైనికుని చూపు కాదు, శిల్పి ఊహ. దీనిని కనిపెట్టిన కొందరు యుక్తిపరులు తమ బొమ్మలను కోసి, అతికి, నేలపై ప్రాకుతున్నట్లు మార్చి, ఎదుటివానికి కనబడకుండ చేసుకొన్న సందర్భాలున్నవి. ఇక ఎగుడుదిగుడు బల్ల, ఆటగాని పొడవు, కండ్లద్దాలు, వెలుతురు, ఇవన్నీ చూపులో చేరుతాయి. అన్నిటికంటె చెడ్డ విషయం మరొకటి. వంగి చూచేవాడు కాల్చదలచినవాడే. తన వ్యాజ్యానికి తానే సాక్షి, తానే న్యాయాధిపతి. ఎదుటివాడు వచ్చి వంగి చూస్తే అతనికి కనబడదు! ఇద్దరూ అబద్ధమాడడం లేదు. ఇద్దరికీ గెలుపు కావలె. అంతే.

కావున నా అభిప్రాయం ఇది. బల్లమీద వంగి చూడడం మంచి అలవాటే. ఆకాశపు కన్నును కాసేపు మరచి నేలకన్నుతో చూడడం నేర్పుతుంది. కాని దానితో తీర్పు చెప్పరాదు. ప్రతి బొమ్మకూ దాని పీఠంపై ఒక నియమిత ఎత్తు ఉన్నదని, ప్రతి తోపుకూ గుట్టకూ ఇంత మరుగు ఉన్నదని ఆటకు ముందే వ్రాసుకొని, రెండు పీఠాల నడుమ దారం పట్టి తేల్చుకోవలె. ఆ దారం మూడవవాని చేతిలో ఉండవలె. పాచిక వేయకముందే ‘కనబడుతున్నది’ అనో ‘లేదు’ అనో అతడు చెప్పవలె. పాచిక పడిన తరువాత చూపును గూర్చి చర్చించడం క్రికెట్‌లో వికెట్టు పడిన తరువాత గార్డు అడిగినట్లుంటుంది.

నిలుపుదల విషయంలో ఇంత కలహం లేదు. అయితే సొగసు ఎక్కువ. పూర్వకాలపు యుద్ధాలను ఆడే ఆటలలో సైనికులు విడివిడిగా గాక బారులు తీరి నిలుస్తారు. బారుకు ముందు, వెనుక, ప్రక్కలు ఉంటాయి. 1983లో మొదలయిన పాత ‘వార్‌హామర్’ కూర్పులలో బారు ముందరి రెండు మూలలనుండి 45 డిగ్రీల చొప్పున బయటికి గీతలు గీసినట్లు ఊహించి, ఆ రెంటి నడుమ ఉన్నదానినే ఆ దళం చూడగలదని, దానిపైననే పడగలదని నిర్ణయించారు. ప్రక్కనుండి వచ్చిపడిన శత్రువు ఎంత చిన్నవాడైనా పోరులో కొంత అదనపు లాభం పొందుతాడు. వెనుకనుండి వచ్చినవాడు అంతకు రెట్టింపు. ప్రక్కనుండి పెద్ద దళమే వచ్చిపడితే, వెనుక వరుసలవలన ఆ బారుకు రావలసిన బలం కూడ లెక్కనుండి పోతుంది.

బారు తిరగడమూ సులభం కాదు. అయిదుగురు సైనికులు ప్రక్కప్రక్కన, ఒక్కొక్కరు 20 మిల్లీమీటర్ల పీఠంపై నిలిస్తే బారు వెడల్పు 10 సెంటీమీటర్లు. ఒక చివరివాడు నిలిచిన చోటనే ఉండగా బారంతా తలుపువలె పావువంతు తిరగవలెనంటే, ఆ చివరివాడు నడిచే వంపు 15.7 సెంటీమీటర్లు, అనగా ఆరంగుళాల పైచిలుకు. ఆ ఆటలో మామూలు పదాతి ఒక వంతులో నడిచేది నాలుగంగుళాలే. బారు ఎంత వెడల్పైతే తిరగడం అంత ఆలస్యం. మన ఎన్.సి.సి. విద్యార్థులకు కవాతులో బయటి చివరివాడు ఎందుకు దాదాపు పరుగెత్తవలసి వస్తుందో అనుభవమే. నలుబదిమందికి తగిన బారును ప్రక్కకు త్రిప్పే సమయంలో శత్రువు గుర్రపుదళం వచ్చిపడితే ఏమవుతుందో, పాఠ్యపుస్తకంలోని పది పేరాలకంటె బల్లమీది ఒక్క అరగంట బాగా తెలుపుతుంది.

ఇదంతా ధనవంతుల వినోదమే గదా అని అడిగేవారికి లివర్‌పూల్ ఉదంతం చెప్పవలసి ఉన్నది. రెండవ ప్రపంచయుద్ధంలో జర్మన్ జలాంతర్గాములు అట్లాంటిక్ సముద్రంలో బ్రిటిష్ సరకు ఓడలను వరుసగా ముంచుతున్న రోజులవి. 1942 ఆరంభంలో లివర్‌పూల్‌లోని డెర్బీ హౌస్‌లో గిల్బర్ట్ రాబర్ట్స్ అనే నౌకాధికారికి ఒక గది అప్పగించారు. క్షయరోగం వలన నౌకాసేవనుండి తొలగింపబడిన మనిషి ఆయన. సహాయకులుగా వచ్చినవారు చాలావరకు ఇరువై యేండ్ల ప్రాంతపు యువతులు, మహిళా నౌకాదళం వారు. గది నేలయే సముద్రం. చిన్న ఓడబొమ్మలు, సుద్ద గీతలు. ఓడలకు నాయకత్వం వహించే అధికారులు కాన్వాసు తెరల వెనుక నిలిచి, చిన్న రంధ్రాలగుండా మాత్రమే నేలను చూడవలె. నిజంగా ఓడమీదనుండి ఎంత కనబడునో అంతే. జలాంతర్గామి గమనాన్ని ఆకుపచ్చ సుద్దతో గీసేవారు. తెర రంధ్రంలోనుంచి చూచేవారికి ఆ రంగు ఆనేది కాదు.

ఆ గదిలో తేలిన మొదటి సంగతి నిలుపుదలకు చెందినదే. జలాంతర్గాములు ఓడల బారుకు వెలుపలినుండి టార్పెడో విడుస్తున్నవని అధికారులు అంతవరకు భావించేవారు. రాబర్ట్స్, ఆ యువతులూ నేలపై ఆడి చూచి, ఆ జలాంతర్గాములు రాత్రివేళ నీటిపైననే వెనుకనుండి వచ్చి బారుల నడుమకే జొరబడుతున్నవని గ్రహించారు. రక్షకనౌకలు వెలుపల వెదకుతుంటే దొంగ లోపల ఉన్నాడు! దానికి తగినట్లు రక్షకనౌకలు ఎక్కడ నిలువవలె, దాడి జరుగగానే ఎటు మళ్లవలె అనే పద్ధతిని కల్పించారు. దానికి ‘రాస్ప్‌బెర్రీ’ అని పేరు పెట్టినది జీన్ లెయిడ్‌లా అనే యువతి. జలాంతర్గాముల యుద్ధంలో ఆరితేరిన అడ్మిరల్ మాక్స్ హోర్టన్ స్వయంగా జలాంతర్గామి పక్షాన ఆడి, జానెట్ ఓకెల్ అనే అమ్మాయి చేతిలో మరల మరల ఓడిపోయిన ఉదంతాన్ని నేటికీ చెప్పుకొంటారు. యుద్ధం ముగిసేలోగా వేలాది అధికారులు ఆ నేలపై శిక్షణ పొందారు. ఆ అమ్మాయిలలో ఎవరూ సముద్రయుద్ధం చూచినవారు కారు. ఎవరికి ఏది కనబడును, ఏది కనబడదు అన్నదానిని నిజాయితీగా పాటించిన గది వారికి గురువైనది. మన విద్యార్థినులు ఈ ఆట తమది కాదని అనుకొనవలసిన పనిలేదు.

ఇక ఆక్షేపణలు. యుద్ధాన్ని ఆటగా చేయడం తగునా అని పెద్దలు అడుగవచ్చు. ఉర్దూ సాహిత్యం చదివినవారు వెంటనే ప్రేంచంద్ కథను జ్ఞాపకం చేస్తారు. అవధ్ రాజ్యం ఆంగ్లేయుల చేతికి పోతుండగా ఇద్దరు లక్నో ప్రభువులు షత్రంజ్ ఆడుతూ కూర్చున్న కథ. సత్యజిత్ రాయ్ 1977లో దానిని చలనచిత్రంగా తీసిన సంగతి కూడ తెలిసినదే. ఆక్షేపణ గట్టిదే. అయితే ఆ ప్రభువుల ఆటలో పావులకు ముఖాలు లేవు, నేల లేదు, పొగ లేదు. నేను చెప్పే ఆటలో మిట్ట వెనుక నిలిచినవాడు ఎందుకు బ్రతికినాడో, మిట్టపైకి వచ్చినవాడు ఎందుకు చచ్చినాడో తెలిసిపోతుంది. వెల్స్ తన చిన్న పుస్తకాన్ని ముగిస్తూ, ఈ బొమ్మయుద్ధం ఆడి చూచినవారికి నిజమైన మహాయుద్ధం ఎంత తెలివిమాలిన పనియో తెలుస్తుందనే వాదించాడు. మరుసటి యేడే యూరపు ఆయన మాట వినలేదన్నది వేరు సంగతి.

మరొక ఆక్షేపణ ఖర్చు. విదేశపు బొమ్మల ధరలు మన విద్యార్థులకు అందేవి కావు, నిజమే. కాని ప్రష్యావారు ఆడినది దిమ్మెలతోనే. అట్టముక్కలు, అగ్గిపెట్టెలు, బెండుచెక్కలు చాలును. కొండపల్లి బొమ్మలు చేసే పొణికి కర్ర దొరికితే మరీ మంచిది. తేలికగా చెక్కుడు పడుతుంది, రంగు పడుతుంది.

మన బల్లమీద ఏ యుద్ధం ఆడవలె? నా సూచన 1565 జనవరిలో కృష్ణకు దక్షిణాన జరిగినది. పాఠ్యపుస్తకాలు తళ్లికోట యుద్ధమనీ, రాక్షసి తంగడి యుద్ధమనీ వ్యవహరించేది ఇదే. ఫిరిస్తా తన చరిత్రలో దీనిని వర్ణించాడు. అహ్మద్‌నగర్ సుల్తాను హుసేన్ నిజాం షా నడుమ నిలిచి, తన ఆరువందల పెద్దా చిన్నా ఫిరంగులను మూడు వరుసలుగా అమర్చి, వాటి ముందు రెండువేల విలుకాండ్రను నిలిపాడట. విజయనగర సేనకు కనబడినది విలుకాండ్రు మాత్రమే. వారు బాణాలు వేస్తూ వెనుకకు తగ్గి ప్రక్కలకు తొలగగానే, తెర తీసినట్లు ఫిరంగులు బయటపడి నిప్పు కురిపించాయి. దగ్గరకు వచ్చినవారిపై రాగినాణేల సంచులు కూరి పేల్చినట్లు కూడ వ్రాశాడు. ఆ సంఖ్యలను ఎంతవరకు నమ్మవలెనో చరిత్రశాఖవారు తేల్చవచ్చు. ఫిరంగులకు మనుషులనే తెరగా నిలిపిన ఉపాయం మాత్రం దృష్టిరేఖ పాఠానికి మన దక్కనులో ఇంతకంటె మంచి ఉదాహరణ లేదు.

ఈ యుద్ధాన్ని ఒక మతం మరొక మతాన్ని ఓడించిన కథగా చెప్పుకొనేవారు ఇరుప్రక్కలా ఉన్నారు. ఈ పత్రికను కుడినుండి చదివేవారికీ ఎడమనుండి చదివేవారికీ ఆ కథ చిన్ననాటినుండి చెవిన పడుతూనే ఉన్నది. బల్ల దగ్గర నిలిస్తే ఆ కథ నిలువదు. రామరాయల కొలువులో ముస్లిం సైనికులు, సేనానులు ఉన్నారు. సుల్తానుల కొలువులలో హిందూ సైనికులు ఉన్నారు. దిమ్మెలకు ఏ రంగు వేయవలెనన్న మొదటి ప్రశ్న దగ్గరనే విద్యార్థులు గ్రంథాలయానికి పరుగెత్తవలసి వస్తుంది. ఎవరు ఎక్కడ నిలిచారు, ఎవరికి ఏమి కనబడినది, కనబడనిదేది? ఇవి సమాధానం వెదకదగిన ప్రశ్నలు. వాటర్లూ విషయంలో సైబర్న్ అనే అధికారి ఇదే పని చేశాడు. సాయంకాలం ఏడుగంటలకు మీ దళం ఎక్కడ ఉన్నది అని, యుద్ధంలో పాల్గొన్న అధికారులకు ఉత్తరాలు వ్రాసి, వచ్చిన జవాబులనుబట్టి 75,000 చిన్న బొమ్మలతో 1838లో ఒక మహానమూనాను నిర్మించాడు. ప్రష్యన్ దళాలు ఆ గంటకు ఎంత ముందుకు వచ్చినవన్న విషయంపై వివాదం చెలరేగి, తరువాత కొన్ని ప్రష్యన్ బొమ్మలను తొలగించవలసి వచ్చినది. బొమ్మను ఒక అంగుళం జరపడం కూడ చరిత్రలో ఒక వాదమేనని ఆయనకు తెలిసివచ్చి ఉండవలె.

ఒక చిక్కు ఉన్నది. తళ్లికోట కథ చదివిన విద్యార్థి రామరాయలుగా ఆడితే, విలుకాండ్ర వెనుక ఏమున్నదో అతనికి ముందే తెలుసు. దీనికి ఉపాయం ప్రష్యావారిదే. యుద్ధం పేరు చెప్పరాదు. నది పేరు మార్చవలె, పటాన్ని త్రిప్పి గీయవలె, సేనానులకు పేర్లు పెట్టరాదు. ఫిరంగుల దిమ్మెలు అంపైరు పెట్టెలో ఉండవలె; విలుకాండ్రు తొలగిన క్షణాన మాత్రమే అవి బల్లమీదికి రావలె. అప్పటివరకు ఎదుటివాడు ఏ నిర్ణయం చేసినా, అది రామరాయలకు తెలిసినంత తెలివితోనే చేసినట్లవుతుంది.

కమిటీవారికి నా విన్నపం ఇంతే. ఆటలగదిలో కేరంబోర్డులకు, చదరంగానికి తోడుగా ఆరడుగుల బల్ల ఒకటి, దానికి అడ్డంగా కట్టడానికి ముతకగుడ్డ తెర ఒకటి, రెండు టేపులు, దారపుకండె, పాచికలు మంజూరు చేయవలె. అంపైరు పదవిని వంతులవారీగా ఒక వారం ఉర్దూ విభాగపు విద్యార్థికి, ఒక వారం తెలుగు విభాగపు విద్యార్థికి ఇవ్వవలె. అంపైరు ఆ వారం ఆడరాదు. దారం, పెట్టె తాళంచెవి అతనివద్దనే ఉండవలె. దిమ్మెలు మేమే చెక్కుకొంటాము.